పడి ఉంటే లే, అబద్ధమాడితే లైడ్

సీసాల ఫ్యాక్టరీలో పదకొండేళ్ళు మచ్చ లేకుండా పనిచేసిన మనిషిని ఒకే ఒక్క ఇంగ్లీషు మాట అబద్ధాలకోరుగా మార్చేసింది. ఆ మాట ఆమె ఎక్కడో నోరుజారి అన్నది కూడా కాదు. కాలికి పిండికట్టుతో, ఒళ్ళో పరీక్ష అట్ట పెట్టుకుని, నీలం సిరా పెన్నుతో గుండ్రటి అక్షరాల్లో స్వయంగా రాసి ఇచ్చింది. అందుకే కంపెనీకి అంతగా నచ్చింది.

ఆమె పని తనిఖీ విభాగంలో. మందు సీసాలు బెల్టు మీద తెల్లటి దీపం ముందునుంచి కదిలిపోతుంటే పగులున్నదాన్నీ, బుడగ ఉన్నదాన్నీ, మూతి వంకరపోయినదాన్నీ చటుక్కున తీసి పక్క తొట్టెలో పడేయాలి. నిమిషానికి డెబ్బై సీసాలు. రెప్ప వేస్తే రెండు తప్పించుకుంటాయి. ఆమె ఆ విభాగానికి ఇన్‌ఛార్జి. కింద పనిచేసే తొమ్మిదిమందీ అక్కా అని పిలుస్తారు. ఇంట్లో మాత్రం కోడలు. ఈ వ్యవహారంలో ఆమె మామగారి పాత్ర కూడా తక్కువేం కాదు కనుక మనమూ కోడలనే అనుకుందాం.

ఒక మంగళవారం మధ్యాహ్నం ఆమె వెనక గిడ్డంగిలోకి వెళ్ళింది. ముందురోజు పక్కన పెట్టించిన సరుకులో ఒక పెట్టెను మళ్ళీ చూడాలనుకుంది. నిండు పెట్టెలను ఆరు వరసలకు మించి పేర్చరాదని అక్కడ గోడమీద పెద్దక్షరాలతో రాసి ఉంటుంది. ఆ అక్షరాలు కనబడకుండా తొమ్మిది వరసలు పేర్చి ఉంటాయి. ఆమె వంగి పెట్టెమీది చీటీ చదువుతుండగా పైవరసలు జారాయి. ఒళ్ళంతా తప్పించుకోగలిగింది గానీ ఎడమకాలు కింద ఉండిపోయింది.

పక్కనే స్తంభానికి ఎర్ర బటన్ ఉంది. కింద పడినవాళ్ళకు కూడా అందాలని దాన్ని మోకాలి ఎత్తులో బిగించారు. ఆ ఆలోచన ఎవరిదోగానీ చాలా గొప్పది. ఆమె చేయి చాచి నొక్కింది. ఏమీ మోగలేదు. మళ్ళీ నొక్కింది. మూడోసారి బొటనవేలు తెల్లబడేదాకా నొక్కింది. గిడ్డంగి ప్రశాంతంగా ఉంది. కేకలు వేసింది గానీ అవతల యంత్రాల హోరులో పక్కమనిషి మాటే వినబడదు, ఇక గోడ అవతలి కేక ఎవరికి వినబడుతుంది? ఎదురుగా గోడ గడియారం ఉంది. రెండూ పదినుంచి రెండున్నర దాకా దాని ముల్లునే చూస్తూ పడి ఉంది. టీ బండి అతను దగ్గర దారని గిడ్డంగిలోంచి వెళ్ళబోయి ఆమెను చూసి, బండి వదిలేసి పరుగెత్తాడు.

చీలమండ రెండుచోట్ల విరిగింది. ఆరు వారాలు కాలు కింద పెట్టకూడదని డాక్టరు చెప్పారు.

ప్రమాదం జరిగిన మూడు రోజుల్లోగా, బాధితులు సొంత దస్తూరితో, ఇంగ్లీషులో నివేదిక ఇవ్వాలన్నది కంపెనీ నియమం. హెడ్డాఫీసులో ఇంగ్లీషు తప్ప మరేదీ చదవరట. ఇంగ్లీషు కూడా చదవరన్నది తర్వాత తెలిసిన సంగతి.

ఇంట్లో ఇంగ్లీషుకు కరువేం లేదు. మామగారు ముప్పై నాలుగేళ్ళు హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పి రిటైరయ్యారు. ఉద్యోగం వదిలింది గానీ ఎర్ర పెన్ను ఆయన్ని వదల్లేదు. పేపర్లో వార్తలు, మందుల పెట్టెలో మడతపెట్టిన కాగితాలు, మెట్ల దగ్గర అంటించిన నోటీసులు, అన్నీ దిద్దేవారు. ఒకసారి బంధువులు పంపిన పెళ్ళిపత్రికను దిద్ది, ఇరవైకి తొమ్మిది మార్కులు వేసి వెనక్కి పంపారు. వాళ్ళు మండిపడి, మీరు రానక్కర్లేదని ఉత్తరం రాశారు. ఆ ఉత్తరానికి ఆరు వచ్చాయి.

కొత్తగా కాపురానికి వచ్చినప్పుడు కోడలు ఫ్రిజ్ మీద “మిల్క్ ఈజ్ ఫినిష్” అని చీటీ అంటించి పనికి వెళ్ళింది. సాయంత్రం వచ్చి చూస్తే చీటీ మీద ఎర్ర గీత ఉంది, పాలు మాత్రం లేవు. ఆ రోజునుంచి ఆమె ఇంట్లో ఇంగ్లీషు ముక్క రాయలేదు.

కాబట్టి నివేదిక మామగారికి చూపించే ప్రసక్తే లేదు. ఆయన మధ్యాహ్నం కునుకు తీస్తున్నప్పుడు గబగబా రాసేసింది. నేల మీద పడి ఉండటాన్ని ‘లై’ అంటారని ఆమెకు తెలుసు. దానికి భూతకాలం ఏమిటా అని కాసేపు పెన్ను కొరికింది. డై అంటే డైడ్. టై అంటే టైడ్. కనుక లై అంటే లైడ్. ఈ ఆలోచనలో ఎక్కడా లోపం లేదు. లోపం ఉంటే ఇంగ్లీషులో ఉండాలి.

“ఐ ప్రెస్డ్ ద బటన్ త్రీ టైమ్స్. ఐ లైడ్ ఆన్ ద ఫ్లోర్ ఫర్ ట్వంటీ మినిట్స్. నోబడీ కేమ్.”

మూడే వాక్యాలు. ఇంకోసారి చదువుకుంటే ఆమెకే ముచ్చటేసింది. భర్త చేతికిచ్చి పంపించింది. అతను సిటీ బస్సు డ్రైవరు, ఇంగ్లీషు విషయంలో తండ్రికి ఆమడ దూరంలో ఉండే మనిషి. కాగితం వైపు చూడకుండానే తీసుకెళ్ళి ఇచ్చేశాడు.

ఫ్యాక్టరీలో ఆ కాగితం హెచ్చార్ ఆఫీసరు బల్ల మీదికి చేరింది. ఆయన రాసే ప్రతి ఉత్తరం ‘విత్ రిఫరెన్స్’ అనే మొదలవుతుంది కాబట్టి కార్మికులు ఆయనకు ఆ పేరే ఖాయం చేశారు. ఫోన్లో భార్యతో కూడా “విత్ రిఫరెన్స్ టు నువ్వు చెప్పిన కూరగాయలు” అంటారని క్యాంటీన్లో చెప్పుకుంటారు. నిజమో కాదో తెలియదు గానీ, ఆయన్ని చూసినవాళ్ళెవరూ అనుమానించలేదు.

విత్ రిఫరెన్స్ గారు ఆ మూడు వాక్యాలూ చదివారు. మొదటిది ఆయనకు నచ్చలేదు. ఎందుకంటే ప్రమాదానికి సరిగ్గా రెండు రోజుల ముందే, ఫ్యాక్టరీలోని పద్నాలుగు అలారం బటన్లూ నిక్షేపంగా పనిచేస్తున్నాయని సేఫ్టీ ఆఫీసరు సంతకం పెట్టారు, దానికింద ఈయనా పెట్టారు. మూడోదీ నచ్చలేదు. రెండో వాక్యం దగ్గర మాత్రం ఆయన కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చదివారు. ఆ వాక్యానికి అసలు అర్థం తెలియక అలా చదివారా, తెలిసే అలా చదివారా అన్నది ఇప్పటికీ తేలలేదు. రెండింటిలో ఏది చెప్పినా ఆయనకు గౌరవంగా ఉండదు.

తొమ్మిదో రోజున ఇంటికి ఉత్తరం వచ్చింది. భర్త దాన్ని అటూ ఇటూ తిప్పి, “నాన్నా, ఇదేదో మీ సబ్జెక్టే” అని తండ్రికిచ్చి డ్యూటీకి వెళ్ళిపోయాడు. మామగారు హాల్లో నిలబడే పైకి చదివారు. విషయం ఇది: మీరు అబద్ధమాడానని మీరే రాతపూర్వకంగా ఒప్పుకున్నారు, అదీ ఇరవై నిమిషాలపాటు ఆడానన్నారు, కావున మిమ్మల్ని సస్పెండ్ చేస్తున్నాం, వచ్చే గురువారం విచారణకు రండి. వెనక ఆమె రాసిన నివేదిక నకలు జతచేశారు.

మామగారు ఆ నకలు చూశారు. చేయి దానంతటదే జేబులోని ఎర్ర పెన్ను దగ్గరికి వెళ్ళింది.

“లైడ్ ఏమిటమ్మాయ్? లే! లే!”

సోఫాలో కాలు స్టూలు మీద పెట్టుకుని కూర్చున్న కోడలు తెల్లబోయింది.

“ఎలా లేవను మామయ్యా? కట్టు ఉంది కదా?”

“నిన్ను లేవమనట్లేదు. ఇక్కడ లే అని రాయాలి. లై, లే, లెయిన్. తొమ్మిదో తరగతిలో ఉంటుంది. ఇంత చిన్న విషయం...” అంటూ ఆయన ‘లైడ్’ చుట్టూ సున్నా చుట్టారు. ఎర్రగా, గుండ్రంగా, ముప్పై నాలుగేళ్ళ అలవాటుతో.

కోడలు ఆ సున్నా వైపే చూసింది. ఈ ఇంట్లో పద్నాలుగేళ్ళుగా ఆమె గొంతు పెంచలేదు. ఇప్పుడూ పెంచలేదు. కానీ ఆ మాటలు వంటింటి దాకా వినబడేంత స్పష్టంగా వచ్చాయి.

“ఆ ఉత్తరం రాసినాయనకీ ఆ మాటే కనబడింది, మీకూ ఆ మాటే కనబడింది. నేను ఇరవై నిమిషాలు నేల మీద పడి ఉన్నది ఎవరికీ కనబడలేదు. ఇంటికొచ్చి తొమ్మిది రోజులైంది మామయ్యా. కాలు ఎలా ఉందని అడిగారు, మందు వేసుకున్నావా అని అడిగారు. అక్కడ ఏం జరిగిందని ఒక్కసారి అడిగారా?”

 క్లాసులో ఎవరైనా ఎదురుచెబితే గోడవైపు నిలబెట్టడం ఒక్కటే మామగారికి తెలిసిన జవాబు. ఇక్కడ అది కుదిరేలా లేదు. కాగితాలు టీపాయ్ మీద పెట్టి తన గదిలోకి వెళ్ళిపోయారు.

కోడలికి కాసేపటికి భయం వేసింది. పెద్దాయనను అంతేసి మాటలు అన్నానా అని గుంజాటనపడింది. ఉద్యోగం పోతే పోయిందిగానీ ఇంట్లో ఇదొకటా అనుకుంది. గంట తర్వాత ఆయన బయటికొచ్చారు. చేతిలో రెండు గ్లాసుల టీ ఉంది. ఆయనకు టీ పెట్టడం వచ్చని ఆమెకు అప్పుడే తెలిసింది. తాగాక, సరిగ్గా రాదనీ తెలిసింది.

“చెప్పమ్మాయ్” అన్నారు కుర్చీ దగ్గరికి లాక్కుని. “ముందు ఏం పడింది?”

ఆమె చెప్పింది. తొమ్మిది వరసల పెట్టెలు, మోకాలి ఎత్తు బటన్, గడియారం ముల్లు. రెండూ ఇరవై అయ్యేసరికి కాలు ఉందో లేదో తెలియలేదని, పక్కన పగిలిన సీసాల ముక్కలు కళ్ళకు దగ్గరగా ఉంటే తల కదపడానికి కూడా భయమేసిందని చెప్పింది. ఆయన మధ్యలో ఒక్కసారి కూడా అడ్డు తగల్లేదు. అంతా అయ్యాక కళ్ళజోడు తీసి లుంగీ అంచుతో తుడుచుకుంటూ, “మూడుసార్లు నొక్కావా?” అని అడిగారు.

“మూడుసార్లు.”

“సరే. విచారణకు నేనూ వస్తాను.”

ఉత్తరంలో చివర, సాయానికి ఒకరిని వెంట తెచ్చుకోవచ్చని చిన్నక్షరాల్లో ఉంది. ఆ వాక్యంలోనూ తప్పుంది గానీ, ఆయన మొదటిసారిగా దాన్ని చూసీ చూడనట్టు వదిలేశారు.

బుధవారం మధ్యాహ్నం పాఠం జరిగింది. వద్దంటే వినే మనిషి కాదు. “రేపు వాళ్ళు ఏదడిగినా నువ్వే చెప్పగలగాలి” అంటూ ఆయన హాల్లో దివాన్ మీద నిటారుగా పడుకున్నారు.

“చూడు. నేను రోజూ ఇక్కడ పడుకుంటాను: లై. నిన్న పడుకున్నాను: లే. ఎన్నో ఏళ్ళుగా పడుకుంటూనే ఉన్నాను: లెయిన్. ఇది ఒకటి.”

తర్వాత కళ్ళజోడు తీసి పొట్టమీద పెట్టుకున్నారు. “ఇప్పుడు నేను వస్తువు పెడుతున్నాను: లే. నిన్న పెట్టాను: లెయిడ్.”

“ఆగండి. ఇందాకటి లే ఒకటి ఉంది కదా?”

“అది నిన్నటి లే. ఇది ఇవాళ్టి లే.”

“రెండూ ఒకటేలా ఉన్నాయి కదా మామయ్యా!”

“ఉన్నాయి. కానీ కావు. ఇక మూడోది. అబద్ధమాడటం కూడా లై. దానికి మాత్రం లైడ్.”

కోడలు వేళ్ళు మడిచింది. “పడి ఉంటే లే. కోడి గుడ్డు పెడితే లెయిడ్. అబద్ధమాడితే లైడ్. అబద్ధమాడేవాళ్ళ సంగతే ఇందులో అన్నిటికన్నా తేలిగ్గా ఉంది.”

“అది ఎక్కడైనా అంతే” అన్నారాయన పడుకునే.

“మన దగ్గర లే అంటే నిద్రపోయేవాడు లేస్తాడు. వీళ్ళ దగ్గర లే అంటే లేచినవాడు పడుకుంటాడు. ఇలాంటి భాషలో, విరిగిన కాలితో, మూడు రోజుల్లో రాసివ్వమన్నారు చూడండి!” ఆమెకు నవ్వొచ్చింది. ప్రమాదం జరిగాక అదే మొదటి నవ్వు. నవ్వుతూనే, “లే, లే” అని గట్టిగా వల్లెవేసింది.

అప్పుడే డ్యూటీనుంచి వచ్చిన భర్త గుమ్మంలో చెప్పులు విడవబోయి ఆగిపోయాడు. లోపల తండ్రి కదలకుండా పడుకుని ఉన్నాడు, భార్య లేవమని అరుస్తోంది.

“నాన్నకేమైంది?” అంటూ చెప్పులతోనే పరుగెత్తుకొచ్చాడు.

“ఏం కాలేదురా. భూతకాలంలో ఉన్నాను” అన్నారు మామగారు.

గురువారం పదకొండు గంటలకు విచారణ. గదిలో పొడవాటి బల్ల, దానిమీద దుమ్ముపట్టిన ప్లాస్టిక్ పూలు, మూలన నీళ్ళు కారే ఏసీ, కింద బకెట్టు. బల్లకు అటువైపు ముగ్గురు: మధ్యలో ఫ్యాక్టరీ మేనేజరు, కుడివైపు విత్ రిఫరెన్స్ గారు, ఎడమవైపు సేఫ్టీ ఆఫీసరు. ఆయనకేమో తన సంతకం గుర్తొచ్చినప్పుడల్లా దాహమేస్తోంది, నీళ్ళ సీసా వదలట్లేదు. ఇటువైపు కోడలు, ఆమె చంకకర్రలు, మామగారు, గుడ్డసంచీలో ఆయన నిఘంటువు. దాన్ని బల్లమీద పెడితే ప్లాస్టిక్ పూలు ఒకసారి ఎగిరిపడ్డాయి.

విత్ రిఫరెన్స్ గారు గొంతు సవరించుకున్నారు.

“విత్ రిఫరెన్స్ టు మీ స్టేట్‌మెంట్ అమ్మా. ఇది మీరు రాసిందేనా?”

“నేను రాసిందే సార్.”

“ఎవరూ బలవంతం చేయలేదుగా?”

“మీరే రాయమన్నారు సార్.”

మేనేజరు వాచీ చూసుకున్నారు. విత్ రిఫరెన్స్ గారికి ఆమె తర్వాత మాట మారుస్తుందేమోనన్న అనుమానం పట్టుకుంది. చదువుకున్న మనిషిని వెంటతెచ్చింది కదా. అందుకని బల్ల చివర రికార్డు రాస్తున్న గుమాస్తావైపు తిరిగి తీరిగ్గా చెప్పారు. “రాసుకోండి. ఈ స్టేట్‌మెంట్ ఆమె స్వయంగా, ఇష్టపూర్వకంగా ఇచ్చింది. ఇందులోని ప్రతి మాటా నిజమని కమిటీ అంగీకరిస్తోంది.”

“ప్రతి మాటా అన్నారా?” మామగారు చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని అడిగారు. “పెద్దవాణ్ణి, సరిగ్గా వినబడదు.”

ఆయనకు పక్కింటి ఫోను కూడా వినబడుతుంది. కోడలు తలవంచుకుంది.

“ప్రతి మాటా” అన్నారు విత్ రిఫరెన్స్ గారు గట్టిగా. గుమాస్తా రాశాడు. ముగ్గురూ సంతకాలు పెట్టారు. ఆ ఫ్యాక్టరీలో సంతకం పెట్టడానికి వెనకాడేవాళ్ళెవరూ లేరు.

అప్పుడు మామగారు నిఘంటువు తెరిచారు. లై అన్న మాట దగ్గర ముందే కాగితం ముక్క పెట్టుకున్నారు. పడి ఉండటం, అబద్ధమాడటం, వస్తువు పెట్టడం, మూడింటినీ ఆ మాటల రూపాలతో సహా చదివి వినిపించారు. నేల మీద ఎవరూ ఇరవై నిమిషాలపాటు అబద్ధమాడరనీ, వినడానికి పక్కన మనిషి లేనప్పుడు ఎవరికి చెబుతారనీ అడిగారు. మేనేజరు వాచీ చూడటం మానేశారు.

“గ్రామర్ రూలు సంగతి నాకు తెలీదు సార్” అన్నారు విత్ రిఫరెన్స్ గారు, చెవులు ఎర్రబడుతుండగా. “కాగితం మీద ఏముందో అదే మాకు ముఖ్యం. లైడ్ అంటే అబద్ధమాడాను. మీరే ఇప్పుడు చదివారు.”

“అలాగే కానిద్దాం. మీ కాగితమే చూద్దాం.” మామగారు సస్పెన్షన్ ఉత్తరం తీశారు. “నాలుగో వరసలో మీరు, పెట్టెలు నేల మీద ‘లేయింగ్’ అని రాశారు. లేయింగ్ అంటే పెడుతున్నాయని. ఏం పెడుతున్నాయి సార్? గుడ్లా?”

గుమాస్తా దగ్గాడు. మేనేజరు ముక్కు రుద్దుకున్నారు.

“పోనీ దిద్దుదామంటే అక్కడ ‘లైయింగ్’ అని రాయాలి. కానీ మీ పద్ధతిలో చదివితే అట్టపెట్టెలు అబద్ధాలాడుతున్నాయని వస్తుంది. మరి వాటినీ సస్పెండ్ చేస్తారా?”

ఈసారి మేనేజరు దాచుకోలేక నవ్వేశారు. సేఫ్టీ ఆఫీసరు కూడా నవ్వబోయి, తను ఏ పక్షమో గుర్తొచ్చి నీళ్ళు తాగారు.

విత్ రిఫరెన్స్ గారు తెలివితక్కువవారు కారు. ఓడిపోతున్నామని తెలిసినప్పుడు ఉదారంగా మారడం ఆయనకు బాగా వచ్చు. ముఖం ప్రసన్నంగా పెట్టుకున్నారు.

“సరే సార్, భాషలో పొరపాటు. అందరం మనుషులమే. ఈ నివేదిక రద్దు చేసేద్దాం. ఆవిడ తీరిగ్గా ఇంకోటి రాసిస్తారు, నేనే దగ్గరుండి సాయం చేస్తాను. బటన్లూ నిమిషాలూ అంటూ అంత వివరంగా కూడా అక్కర్లేదు. పెట్టెలు జారాయి, కాలికి దెబ్బ తగిలింది, అంతే. సస్పెన్షనూ రద్దు. అందరికీ మంచిది.”

మామగారి ముఖం వెలిగిపోయింది. తప్పు ఒప్పుకున్నారు, ఆయనకు అంతకన్నా కావలసిందేముంది? నిఘంటువు మూసి సంచీలో పెట్టుకోబోయారు.

“రద్దు ఎందుకు సార్?” అంది కోడలు.

అందరూ ఆమెవైపు తిరిగారు. అప్పటిదాకా ఆమె అక్కడ ఉన్నదన్న సంగతే చాలామంది మరిచిపోయారు.

“అందులో ప్రతి మాటా నిజమని ఇప్పుడే రాసుకున్నారు కదా, సంతకాలు కూడా అయ్యాయి. లైడ్ తీసి లే పెట్టండి చాలు. మిగతాదంతా అలాగే ఉంటుంది. నేను బటన్ మూడుసార్లు నొక్కాను. ఇరవై నిమిషాలు పడి ఉన్నాను. ఎవరూ రాలేదు. అది మీరూ ఒప్పుకున్నారు.”

ఏసీ నీళ్ళు బకెట్టులో టపటపా పడ్డాయి.

“అమ్మా, బటన్లన్నీ పనిచేస్తున్నాయని సర్టిఫికెట్ ఉంది” అన్నారు సేఫ్టీ ఆఫీసరు.

“ఉంటుంది సార్. గిడ్డంగి ఇక్కడికి నలభై అడుగులు. నేను ఈ కర్రలతో రాగలను. మీరెవరైనా వచ్చి నొక్కండి.”

మేనేజరు లేచారు. ఆయన మంచితనం కొద్దీ లేచారని చెప్పలేం, నవ్వొచ్చాక మనిషికి కాస్త కుతూహలం పుడుతుంది. అందరూ వెనకే నడిచారు. కోడలు అందరికన్నా చివర, టకటకమని కర్రలతో. తనిఖీ విభాగంలోవాళ్ళు సీసాలనుంచి కళ్ళెత్తి చూశారు. ఆ రెండు నిమిషాల్లో ఎన్ని పగిలిన సీసాలు తప్పించుకున్నాయో తెలియదు.

గిడ్డంగిలో పెట్టెలు మళ్ళీ తొమ్మిది వరసలే ఉన్నాయి. మేనేజరు వాటిని చూశారు, గోడమీది ఆరు అంకెను వెతికారు, కనబడలేదు. మోకాలి ఎత్తు బటన్ ముందు వంగి నొక్కారు. నిశ్శబ్దం. ఇంకోసారి నొక్కారు. మూడోసారి బొటనవేలితో బలంగా నొక్కేసరికి డబ్బా మొత్తం ఊడి ఆయన చేతిలోకి వచ్చింది. వెనక తీగ లేదు. తీగకోసం గోడలో రంధ్రం కూడా లేదు. జిగురు ఉంది.

“మొన్నటిదాకా పనిచేసింది సార్” అన్నారు సేఫ్టీ ఆఫీసరు.

మేనేజరు ఆ ఎర్ర డబ్బాను అరచేతిలో పెట్టుకుని, ఆయనవైపు చాలాసేపు చూశారు. అక్కడున్నవాళ్ళెవరికీ లై అన్న మాటకు ఇక నిఘంటువు అవసరం పడలేదు.

ఆ వారం చివర ఎలక్ట్రీషియన్ పద్నాలుగు బటన్లూ విప్పి చూశాడు. ఐదింటికి తీగలున్నాయి. మిగతా తొమ్మిదీ గోడకు అందంగా ఉన్నాయి. నెల తిరిగేసరికి అన్నీ మోగడం మొదలుపెట్టాయి. మొదటి రోజు పరీక్షించినప్పుడు ఆ మోత ఎప్పుడూ విననివాళ్ళు భోజనాలు వదిలేసి రోడ్డు మీదికి పరుగెత్తారు.

బాధ్యులమీద చర్య కూడా తీసుకున్నారు. సేఫ్టీ ఆఫీసరును మూడు రోజుల శిక్షణకు పంపారు. ఆ శిక్షణ పేరు ‘నాయకత్వ లక్షణాలు’. విత్ రిఫరెన్స్ గారికి ఇక్కడి గాలి పడట్లేదని హెడ్డాఫీసుకు బదిలీ చేసి, మొత్తం కంపెనీ ఉత్తరప్రత్యుత్తరాల విభాగం అప్పగించారు. వీడ్కోలు సభలో ఆయన భాష గురించి ఇరవై నిమిషాలు మాట్లాడారు. ఎవరూ నేల మీద పడుకోలేదు.

కోడలు ఆరు వారాలు పూర్తయ్యాక పనిలోకి వెళ్ళింది. కొంచెం కుంటుతుంది. డాక్టరు తగ్గిపోతుందన్నారు. సస్పెన్షన్ రద్దు ఉత్తరంలో ‘భాషాపరమైన అసౌకర్యానికి చింతిస్తున్నాం’ అని ఉంది. కాలి సంగతి అందులో లేదు. మామగారు దాన్ని చదివి రెండు తప్పులు కనిపెట్టి, పెన్ను తీయకుండానే మడిచి ఇచ్చేశారు.

ఆమె మాత్రం మేనేజరు దగ్గరికి వెళ్ళి ఒక మాట అడిగింది. ఇకమీద నివేదికలు ఎవరికొచ్చిన భాషలో వాళ్ళు రాసుకోనివ్వమంది. హెడ్డాఫీసు కోసం ఇంగ్లీషు చేసేవాళ్ళు కావాలి కదా అన్నారాయన. మనిషి ఇంట్లోనే ఉన్నారని చెప్పింది. అలా మామగారు వారానికి రెండు రోజులు ఫ్యాక్టరీకి వెళ్ళడం మొదలుపెట్టారు. మొదటి వారం ఇస్త్రీ చొక్కాతో, పాలిష్ పెట్టిన బూట్లతో వెళ్ళారు. రెండో వారానికి చెప్పులేసుకున్నారు. నివేదిక రాసినవాళ్ళ దగ్గరికి తనే వెళ్ళి ఎక్కడ నిలబడ్డావు, ఏం పట్టుకున్నావు, ఎటు పడ్డావు అని అడిగి రావాల్సి వస్తోంది, గచ్చు మీద గాజుపొడి బూట్లను పాడుచేస్తోంది.

ఒక సాయంత్రం ఆయన భోజనాల బల్ల దగ్గర తల పట్టుకుని కూర్చున్నారు. ముందు ప్యాకింగ్ హాల్లో పనిచేసే ఒకామె నివేదిక, పక్కన నిఘంటువు, నాలుగు ఉండచుట్టిన కాగితాలు ఉన్నాయి. కోడలు కూరగాయలు తరుగుతూ తొంగిచూసింది.

“ఏమైంది మామయ్యా?”

“కళ్ళు బైర్లు కమ్మి కూలబడిపోయాను అని రాసిందమ్మాయ్. దీనికి ఇంగ్లీషులో మాట లేదు. కళ్ళు తిరిగాయంటే చాలదు. చీకట్లు కమ్మాయంటే వేరే అవుతుంది. కూలబడటమంటే పడటం కాదు, కూర్చోవడమూ కాదు...”

“ఒక్క మాటలో రాకపోతే నాలుగు మాటల్లో రాయండి.”

“తప్పుగా వస్తుంది.”

“రానివ్వండి” అంది ఆమె, కత్తి పక్కన పెట్టి. “ఆ హాల్లో ఫ్యాన్లు ఆగిపోయి పది రోజులైందని చివర రాసింది చూడండి. అది మాత్రం తప్పు లేకుండా రాయండి.”

మామగారు కాగితం తిప్పి చూశారు. తర్వాత కొత్త కాగితం తీసుకుని, ఆ చివరి వాక్యాన్ని అన్నిటికన్నా పైన రాశారు.